నలభై సెకన్ల నిశ్శబ్దం

ఫిబ్రవరి 2

ల్యాబు నుంచి ఫోను. నా మొదటి సినిమా నెగెటివు ఏదో గోదాములో దొరికిందట. తుడిచి, చిరిగినచోట అతికించి, కొత్తదానిలా చేసి మళ్లీ హాల్లో వేస్తారట, ముప్పై ఏళ్ల తర్వాత. ఫోను చేసినావిడ గొంతు గట్టిది, నలభై దాటి ఉంటుంది. "ఆ సినిమా చూసొచ్చి మా అమ్మ బీరువా అద్దానికి దుప్పటి కప్పింది సార్. నాకు పెళ్లయ్యేదాకా తియ్యలేదు" అంది. ఇలాంటి మాట విన్న రోజు నాకు అన్నం తినకపోయినా కడుపు నిండుతుంది.

వంటింట్లోకి వెళ్లి మా ఆవిడకు చెప్పాను. "మంచిదేగా" అంది, స్టవ్వు మంట తగ్గిస్తూ. నా సంగతి ఏది చెప్పినా ఈ ఇంట్లో ముందు మంట తగ్గుతుంది.

ఫిబ్రవరి 5

ల్యాబు చూసొచ్చాను. చలిగది. చేతులకు తొడుగులు వేసుకుంటే గానీ రీలు ముట్టనివ్వలేదు. నేను తీసిన రీలు, నాకే తొడుగులు. గది అంతా పుల్లటి వాసన, పాత ఫిల్ము అలాగే కుళ్లుతుందట. ఆ గట్టి గొంతు మనిషే అక్కడ పెద్ద. రోజంతా అతుకులు వేస్తుంది కనుక నా లెక్కలో ఆమె అతుకులమ్మ.

ఆరో రీలు వేసి చూపించింది. అద్దం సీను. ఇల్లాలు అద్దం ముందు తల దువ్వుకుంటూ ఉంటుంది. ఆమె చెయ్యి ఆగుతుంది. అద్దంలో చెయ్యి ఆగదు, దువ్వుతూనే ఉంటుంది. నలభై సెకన్లు. ఆ నలభై సెకన్లూ తెర మీద చీమ చిటుక్కుమన్న చప్పుడు ఉండదు. నా బతుకంతా ఆ నలభై సెకన్లే. నాకిచ్చిన ప్రతి శాలువా మీదా, ప్రతి సన్మాన పత్రం మీదా అదే మాట: భయాన్ని నిశ్శబ్దంలో వెతికిన దర్శకుడు.

చూస్తూ అతుకులమ్మ చేతులు రుద్దుకుంది. చలికి కాదు.

వెళ్లబోతుంటే అంది: "సౌండ్ టేపులు కూడా దొరికాయి సార్. ఆరో రీలువి కూడా ఉన్నాయి. ఇంకా వినలేదు."

మంచినీళ్లు అడిగి తాగాను.

ఫిబ్రవరి 6

రాయడానికి ఏమీ లేదు.

ఫిబ్రవరి 9

ఉంది. ఇది నా డైరీ, ఇక్కడ కూడా నాటకమెందుకు. మా ఆవిడకు ఇది తెరిచే అలవాటు లేదు, తెరిచినా ఆవిడకు తెలియనిది దొరకదు.

ఆ నిశ్శబ్దం నేను పెట్టింది కాదు.

ఆ సీనుకు నేను ఈదురుగాలి పెట్టాను, తలుపు కిర్రుమనడం పెట్టాను, నక్క ఊళ పెట్టాను, వయొలిన్లు పెట్టాను. వాటన్నిటి పైన దెయ్యం నవ్వు. డబ్బింగ్ చెప్పినావిడ నవ్వు నాకు ఆనలేదు. ఆమెను పక్కకు జరగమని నేనే మైకు ముందు నిలబడి, సన్నటి ఆడగొంతు పెట్టి నవ్వాను. గదిలో అందరూ చప్పట్లు కొట్టారు. నాకు బాగా గుర్తు, చప్పట్లు కొట్టారు.

ఈ శబ్దాలన్నీ కలిపి ప్రింటుకు ఎక్కించే పని పాముచెవులాయనది. పక్కగదిలో సూది పడినా ఏ మూల పడిందో చెప్పేవాడు కాబట్టి యూనిట్లో అందరూ అలా పిలిచేవాళ్లు. ఐదో రీలు దాకా పక్కనే కూర్చున్నాను. అంతలో మా ఆవిడకు నొప్పులొస్తున్నాయని ఫోను. లేచి వెళ్లిపోయాను. ఆ సాయంత్రం మా అమ్మాయి పుట్టింది.

విడుదల తొందరలో ప్రింట్లు నేను చూడకుండానే హాళ్లకు వెళ్లిపోయాయి. మొదటి రోజు ఉదయం ఆట. అద్దం సీను వచ్చింది. గాలి లేదు, నక్క లేదు, నా నవ్వు లేదు. మెట్లెక్కి వెళ్లి ప్రొజెక్టర్ ఆపరేటర్ చొక్కా పట్టుకున్నాను. ప్రింటే అంత అన్నాడు. అటునుంచి అటే స్టూడియోకి వెళ్లాను. ఇరవై మంది ముందు పాముచెవులాయన్ని "చెవిటి వెధవా, నా సీను మర్చిపోయావురా" అన్నాను. అతని తలకున్న హెడ్‌ఫోన్లు లాగి నేలకు కొట్టాను. అతను వాటిని తీసి, వైరు చుట్టి, మేకుకు తగిలించి వెళ్లిపోయాడు.

సాయంత్రం హాలు ఓనరు ఫోను. ఆ సీనులో జనం మొహాలు కప్పుకుంటున్నారట, ఒకాయన చెప్పులు వదిలేసి బయటికొచ్చాడట. "ఆ సైలెన్సు ఎలా తట్టిందండీ మీకు" అన్నాడు. "ప్లాన్ చేసే పెట్టాం" అన్నాను. కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేం అంటారు. నా నోరు జారి నన్ను మేడెక్కించింది. ఎక్కినవాణ్ణి ఎలా దిగను?

గుడ్డెద్దు చేలో పడ్డట్టు అనేవాళ్లు అనొచ్చు. పడింది ఎవరి చేలో? నా చేలో. నా సినిమాలో జరిగిన పొరపాటు నాది కాక ఎవరిది? అదృష్టం ఎప్పుడూ కెప్టెన్ ఖాతాలోకే వెళ్తుంది.

ఫిబ్రవరి 10

అతని గురించి నేను చెడ్డగా చెప్పింది ముగ్గురికే.

ఫిబ్రవరి 16

అతుకులమ్మ ఫోను. టేపు పెట్టె మీద ఎర్ర సిరాతో రాసి ఉందట: ఫుల్ వాల్యూమ్. తగ్గిస్తే ఊరుకోను. కింద రెండు గీతలు. "చేతిరాత మీదే సార్" అంది. తర్వాత ఇంకొకటి చదివింది. సౌండు కలిపినవాళ్లు రాసుకునే నోటు పుస్తకంలో పాముచెవులాయన రాసిన లైను: ఆరో రీలు, అద్దం సీను, నలభై సెకన్లు, శబ్దాల ట్రాకులన్నీ మూశాను, నా పూచీ.

"నేనే మూయమన్నాను" అన్నాను.

"అయితే నా పూచీ అని ఎందుకు రాశారంటారు సార్?"

లైను సరిగా లేదు, వినపడటం లేదన్నాను. ఆమెకు మర్యాద తెలుసు, మళ్లీ అడగలేదు. సినిమాకు ముందు ఒక పేజీ వేస్తారట, ఏ పని ఎవరిదో. ఆ నిశ్శబ్దం గురించి కూడా ఒక లైను ఉంటుందట. "ఆయన ఉన్నారు సార్. అడ్రసు పట్టుకున్నాను. మీరు చెబితేనే చేశానని ఆయన ఒక్క సంతకం పెడితే ఏ గొడవా లేదు. లేదంటే ఆయన పేరు కూడా వేద్దాం, బాగుంటుంది."

బాగుంటుందట.

ఫిబ్రవరి 17

మర్చిపోయాడు. తర్వాత భయపడి మూశానని రాసుకున్నాడు. అంతే అయ్యుంటుంది.

ఫిబ్రవరి 19

అమ్మాయి వచ్చింది. ల్యాబు సంగతి వాళ్లమ్మ చెప్పినట్టుంది.

"నాన్నా, ఆ రోజు నా కోసం పని వదిలేసి వచ్చేశానంటావు కదా. ఎంతసేపున్నావు అసలు?"

"చాలాసేపు" అన్నాను.

"ఐదు నిమిషాలు" అంది మా ఆవిడ, తువ్వాళ్లు మడతపెడుతూ. "నిన్ను చూసి, కొత్త సినిమాలో దెయ్యం ఇలా నవ్వుతుందని నర్సుకు నవ్వి వినిపించారు. ఆ పిల్ల పొట్ట పట్టుకుని కూలబడింది. నాకు కుట్లు పడి ఉన్నాయి, నవ్వలేక చచ్చాను."

అమ్మాయి పగలబడి నవ్వింది. నర్సుకు కళ గురించి ఏం తెలుస్తుంది అన్నాను. ఇద్దరూ ఇంకాస్త నవ్వారు.

వాళ్లు వెళ్లాక నా సినిమాలన్నీ ఒకసారి మనసులో వేసుకున్నాను. మొదటిదాని తర్వాత పదకొండు. రెండోదాంట్లో రెండు నిమిషాల నిశ్శబ్దం పెట్టాను. జనం ఈలలు వేసి, సౌండ్, సౌండ్ అని ఆపరేటర్ని తిట్టారు. మూడోదాంట్లో నిమిషానికి తగ్గించాను. నాలుగోదాంట్లో సరిగ్గా నలభై సెకన్లు, గడియారం పెట్టుకుని. దగ్గులు వినిపించాయి. ఏడో సినిమా నుంచి మళ్లీ గాలీ నక్కా తెచ్చాను. ఆఖరి సినిమాకు, హాల్లో ముందు వరసలో ఒకాయన గురకపెట్టాడు. పులిని చూసి నక్క వాత పెట్టుకుందంటారు. నా కథలో పులీ నేనే, నక్కా నేనే. పేపరు వాళ్లు ఆడలేక మద్దెల ఓడు అని రాశారు, ఎందుకంటే సంగీతం చేసినవాళ్లను తొమ్మిది మందిని మార్చాను.

ఆ నలభై సెకన్లు ఎందుకు పనిచేశాయో నాకు ఇప్పటికీ తెలియదు. ఇది ఎక్కడా చెప్పుకోలేను, అందుకే ఇక్కడ రాస్తున్నాను.

ఫిబ్రవరి 24

చెవి ఆసుపత్రి, రెండో అంతస్తు. వినికిడి పరీక్షలు చేసేది పాముచెవులాయనే. సంతకం కోసం వచ్చానని అనలేక, చెవి పరీక్షకు చీటీ తీసుకుని వరసలో కూర్చున్నాను. నా నంబరు పిలిచాడు. జుట్టంతా తెల్లబడింది, మనిషి అదే. నన్ను చూసి కళ్లజోడు సర్దుకున్నాడు, అంతే. గాజుకిటికీ ఉన్న చిన్న గదిలో కూర్చోబెట్టి హెడ్‌ఫోన్లు పెట్టాడు.

"చప్పుడు వినపడగానే బటన్ నొక్కండి. ఎంత చిన్నదైనా సరే."

తలుపు మూశాడు. అంత నిశ్శబ్దం నేను ఎక్కడా వినలేదు. నా నెత్తురు నాకే వినిపించింది. నొక్కాను. మళ్లీ నొక్కాను. కిటికీ అవతల అతను తల వంచుకుని రాసుకుంటున్నాడు. పావుగంటకు తలుపు తీశాడు.

"మీ చెవులు వయసుకు తగ్గట్టే ఉన్నాయి డైరెక్టర్ గారూ. కాకపోతే నేనేమీ వినిపించనప్పుడు కూడా తొమ్మిదిసార్లు నొక్కారు."

"వినిపించింది."

"చాలామంది అంతేనండి. ఏమీ లేకపోతే ఉండలేరు."

కుర్చీ చూపించాడు. నేను నిలబడే అడిగాను. "ఆ రోజు నువ్వు మర్చిపోయావు. అవునా?"

"లేదండి. మూశాను."

"ఎందుకు?"

అతను కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "మీ నవ్వు వినగానే నాకు నవ్వొచ్చిందండి. సరే, అలసిపోయానేమో అని ఇంకోసారి వేశాను. టీ తెచ్చినావిడ కూడా నవ్వింది. ఆ హీరోయిన్ చెయ్యి ఆపినప్పుడు నాకు ఒళ్లు జలదరించింది, ఎంత బాగా చేసిందో. దాని మీద ఈ నవ్వు పడి పాడైపోతోంది. మీరుంటే చెప్పేవాణ్ణి. లేరు. నవ్వు తీశాను. అప్పుడు వయొలిన్లు ఎక్కువనిపించాయి, అవీ తీశాను. గాలి తీశాను. అలా తీస్తూ పోతే ఏమీ మిగల్లేదు. అప్పుడు భయమేసింది."

"మరి ఆ రోజు అందరి ముందు చెప్పొచ్చుగా."

"చెప్పనిచ్చారా?"

"తర్వాత?"

"తర్వాత పేపర్లో చూశాను, మీరే ప్లాన్ చేశారని. బొమ్మ ఆడుతోంది కదా, పోనీలే అనుకున్నా. నాలుగు నెలలు పనికోసం తిరిగాను. ఎక్కడికెళ్లినా చెవిటివాడటగా అనేవాళ్లు. మా ఆవిడ అప్పటికే ఇక్కడ పనిచేసేది. సరే, చెవిటివాణ్ణి చెవిటివాళ్ల దగ్గరే ఉంటానని వచ్చేశాను." ఈ జోకు అతను చాలామందికి చెప్పినట్టుంది. నవ్వి ఊరుకున్నాడు.

కాగితం బయటికి తీశాను. దర్శకుని ఆదేశం మేరకు శబ్దాలు తొలగించాను, అని ముందే టైపు చేయించి తెచ్చాను. చదువుతాడని, కోప్పడతాడని, బేరమాడతాడని దారంతా అనుకున్నాను. ఒక్కొక్కదానికీ జవాబు కూడా తయారుచేసుకున్నాను. అతను చదవనేలేదు. పెన్ను తీసి సంతకం పెట్టి, తేదీ వేసి, నా చేతికిచ్చాడు.

"నేనేం చేసుకోనండి దాన్ని. మీకే అవసరం, ఉంచుకోండి."

తర్వాతి నంబరు పిలిచాడు.

ఫిబ్రవరి 25

ముగ్గురికి కాదు. ఎంతమంది అడిగితే అంతమందికీ చెప్పాను.

ఫిబ్రవరి 26

కాగితం బల్ల మీదే ఉంది. ఇది ల్యాబులో ఇస్తే నిశ్శబ్దం రాతపూర్వకంగా నాది. ముప్పై ఏళ్లుగా నాకు కావలసింది ఇదే. పొద్దుట్నుంచీ నాలుగుసార్లు చొక్కా వేసుకుని నాలుగుసార్లు విప్పాను.

దానం చేశాడు నాకు. దానకర్ణుడు. కొట్లాడి ఉంటే గెలిచేవాణ్ణి, ఓడిపోయినా ఒప్పుకునేవాణ్ణి. మీకే అవసరం అన్నాడు. ఇకమీద ఎవరు నా నిశ్శబ్దాన్ని మెచ్చుకున్నా, ఆ గాజుకిటికీ అవతల అతను తల వంచుకుని రాసుకుంటూ ఉంటాడు. నాకు సిగ్గుగా ఉంది. కోపంగా కూడా ఉంది. ఏది ఎక్కువో తెలియడం లేదు.

మా ఆవిడ కాగితం చదివింది. "ఇదివ్వకండి. ఆయన పేరు వెయ్యమనండి. రెండు ముక్కలు. సినిమా మీదే, ఎవరూ ఎత్తుకుపోరు."

"నీకు అర్థం కాదు."

"నాకు మొదటి రోజే అర్థమైంది. మీకు అర్థమవుతుందేమోనని చూస్తున్నా."

ఫిబ్రవరి 28

ఒక విషయం తట్టింది. ఇన్నాళ్లూ ఎందుకు తట్టలేదో.

పాత సినిమాను బాగుచెయ్యడం అంటే ఏమిటి? మొదట ఎలా ఉండాలనుకున్నారో అలా చెయ్యడం. ఎలా ఉండాలనుకున్నాను? ఎర్ర సిరాతో రాసే ఉంది. జనం ముప్పై ఏళ్లుగా చూసింది నా సినిమా కాదు, ఒక టెక్నీషియను పాడుచేసిన ప్రింటు. అసలు సీను ఇంతవరకూ ఎవరూ చూడలేదు. అతని దానం అక్కర్లేదు, అతని పేరూ అక్కర్లేదు.

కాగితం చింపేశాను. చాలా తేలిగ్గా ఉంది. ఈ నెలలో మొదటిసారి హాయిగా కునుకు పట్టింది.

మార్చి 3

శబ్దాలు మొత్తం తిరిగి పెట్టమని ల్యాబులో రాసిచ్చాను. అతుకులమ్మ ఆ కాగితం రెండుసార్లు చదివింది.

"సార్, మీ సినిమా అంటే జనానికి ఆ సీనే. అందులోనూ ఆ సైలెన్సే."

"దర్శకుణ్ణి నేనా, జనమా?"

"మీరే సార్. కానీ టేపు విన్నాను." కాగితం మడతపెట్టింది. "ఆ నవ్వు ఎవరిది సార్?"

"ఒక డబ్బింగ్ ఆర్టిస్టుది."

"ఆవిడతో ఒకసారి మాట్లాడితే..."

"పోయింది" అన్నాను.

"అయ్యో" అంది అతుకులమ్మ, నిజంగానే బాధపడుతూ.

మార్చి 4

మీరు పట్టిన కుందేలుకు మూడే కాళ్లు, అంది మా ఆవిడ.

మార్చి 11

టేపు విన్నాను. బాగుంది. గాలి కొంచెం ఎక్కువైంది, అది యంత్రం తప్పు. నవ్వు బాగుంది.

మార్చి 12

నవ్వు బాగుంది.

మార్చి 22

హాలు నిండింది. నిలబడ్డవాళ్లు కూడా ఉన్నారు. నా మొదటి సినిమా నాటి జనం సగం, నెరిసిన తలలు. వాళ్లు లాక్కొచ్చిన పిల్లలు మిగతా సగం. నాకు ఇటు మా ఆవిడ, అటు అమ్మాయి. పాముచెవులాయనకు టికెట్లు పంపానని అతుకులమ్మ అంది. వచ్చాడో లేదో నేను వెతకలేదు.

ఐదు రీళ్లు బ్రహ్మాండంగా నడిచాయి. ఆరోది మొదలవుతూనే హాలు సర్దుకుంది. కుర్చీల కిర్రులు ఆగిపోయాయి. వెనక ఒకావిడ, "ఇప్పుడు చూడు, ఇప్పుడొస్తుంది" అని కూతురికి చెబుతోంది. హీరోయిన్ దువ్వెన తీసుకుంది. చెయ్యి ఆగింది.

గాలి వచ్చింది. వెనకావిడ, "ఇదేంటి" అంది. తలుపు కిర్రుమంది. నక్క కూసింది. అక్కడ ఎవరో ఒకరు నవ్వారు, ఆపుకోబోయి తుమ్మినట్టుగా. వయొలిన్లు లేచాయి. ఆ పైన నేను నవ్వడం మొదలుపెట్టాను.

హాలంతా గొల్లుమంది. నా నవ్వు సాగినకొద్దీ వాళ్లు నవ్వారు, వాళ్లు ఆగబోయేసరికి నేను ఇంకో దఫా నవ్వాను. అప్పట్లో మూడు దఫాలు రికార్డు చేశాను, మూడూ వరసగా వేయించుకున్నాను. పిల్లలు అప్పుడే నా నవ్వు నేర్చుకుని నాతోపాటు నవ్వుతున్నారు. అమ్మాయి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది, భుజాలు ఊగిపోతున్నాయి, కళ్లలో నీళ్లు. "సారీ నాన్నా, సారీ" అంటూనే ఉంది. మా ఆవిడ నవ్వలేదు. నా మోకాలి మీద చెయ్యి వేసి తెర వైపే చూస్తూ కూర్చుంది. ఆవిడ నవ్వినా బాగుండేది. నా జన్మలో ఇంత పొడుగు నలభై సెకన్లు చూడలేదు.

భయం మరీ ఎక్కువైనప్పుడు మనిషికి నవ్వొస్తుంది. ఇది శాస్త్రం. ఎక్కడో చదివాను.

ఆట అయ్యాక తప్పించుకుని పక్క గుమ్మం లోంచి వెళ్లబోతుంటే ఒక పెద్దాయన చేతికర్రతో అడ్డం వచ్చాడు. మొదటి రోజు ఉదయం ఆట చూశాడట. నెల రోజులు లైటు ఆర్పకుండా పడుకున్నాడట. నా రెండు చేతులూ పట్టుకున్నాడు.

"అంతా బాగుందండి. కానీ ఆ సీను ఎందుకు తీసేశారు? దాని కోసమే వచ్చాను."

"ఏ సీను?" అన్నాను.

"అదేనండి, అద్దం సీను. ఇందులో అద్దం ముందు ఏదో కామెడీ పెట్టారు గానీ, అది కాదు. అప్పుడు చూసింది వేరు. ఎవరు తీసేశారండీ దాన్ని?"

ఆయన ఎదురుచూస్తున్నాడు. మా ఆవిడ నా పక్కనే నిలబడి ఉంది, వింటోంది.

"సౌండు చూసినవాడు పొరపాటు చేశాడండి" అన్నాను.